కంధమాల్ సాక్ష్యం మనది కూడా

డాక్యుమెంటరీ దర్శకుడు కె.పి. శశి 2022 డిసెంబరు 25న త్రిస్సూరులో కన్నుమూశారు. తెలుగు ముస్లిం కుటుంబాలలో ఆ పేరు విన్నవారు కొద్దిమందే. అయినా మన హక్కుల చర్చ ఆ పేరు దగ్గర కొంతసేపు ఆగవలసిన అవసరం ఉంది. కేరళ కమ్యూనిస్టు ఉద్యమ నిర్మాతలలో ఒకరైన కె. దామోదరన్ కుమారుడాయన. వ్యంగ్య చిత్రకారుడిగా మొదలై కెమెరా పట్టారు. పేలుళ్ల కేసులలో ఏళ్ల తరబడి చెరసాలలో మగ్గిన అబ్దుల్ నాసర్ మదనీ గురించి ‘ఫ్యాబ్రికేటెడ్’ తీశారు. తూర్పు కనుమలలోని కంధమాల్‌లో ఇళ్లను, చర్చిలను, ఆత్మీయులను కోల్పోయిన క్రైస్తవుల గురించి ‘వాయిసెస్ ఫ్రమ్ ది రూయిన్స్’ తీశారు. ఈ రెండు చిత్రాలలోనూ మాకు వినిపించిన ప్రశ్న ఒక్కటే: దెబ్బ తిన్నవాడు దోషిగా ఎలా మారుతున్నాడు?

కంధమాల్ క్రైస్తవుల వ్యవహారం, అది మనకెందుకని మనలో కొందరు అంటారు. సినిమాలతో హక్కులు రావని మరికొందరు అంటారు. ఈ రెండు మాటలనూ మేము తిరస్కరిస్తున్నాము. నీ మతమేమిటో, నీ కులమేమిటో, నీకు రావలసిన హక్కేమిటో నీవు కాక మరొకరు నిర్ణయించడం, ఆ నిర్ణయాన్ని కాదన్నవాడిని ఊరినుండి తరమడం, తరిమిన తరువాత నేరం కూడా అతడి మీదనే మోపడం: కొండలలో నడిచిన పద్ధతి ఇది. మైదానంలో మనం ఎరిగిన పద్ధతి కూడా ఇదే. కనుక ఆ సాక్ష్యం మనది కూడా. దానిని మనది చేసుకోకపోతే రేపు మన సాక్ష్యానికి తోడు నిలిచేవారు ఉండరు.

కంధమాల్ ఎక్కడో పరాయిచోటు కాదు. అరకు అనగానే మైదానవాసులకు కాఫీ తోటలు, బొర్రా గుహలు, రైలు సొరంగాలు గుర్తుకు వస్తాయి. ఆ కొత్తవలస–కిరండూల్ రైలు మార్గాన్ని విహారయాత్రల కోసం వేయలేదు. బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని సముద్రతీరానికి దించడానికి వేశారు. అదే మార్గం అరకు దాటి కోరాపుట్ చేరుతుంది. అక్కడినుండి రాయగడ, ఇంకా ఉత్తరాన కంధమాల్. రాష్ట్రాల సరిహద్దు పటం మీద ఉంది కాని కొండలకు లేదు. అరకు, పాడేరు ప్రాంతాలలో మనం కోదులని పిలిచేవారు కంధమాల్‌లోని కంధలకు బంధుజనం. వారు మాట్లాడే కువి, కుయి భాషలను భాషాశాస్త్రజ్ఞులు తెలుగుతో పాటు ద్రావిడ కుటుంబంలోని ఒకే శాఖలో చేర్చారు. కన్నడ, తమిళాల కంటె ఆ కొండ భాషలే తెలుగుకు దగ్గర చుట్టాలు. ఆ చుట్టరికాన్ని పాఠ్యపుస్తకంలో చదివి, వారి ఇళ్లు కాలినప్పుడు మాత్రం ఒడిశా సంగతి అనుకోవడం మనకు తగదు.

ఏమి జరిగిందో క్లుప్తంగా చెప్పుకుందాము. 2007 డిసెంబరులో క్రిస్మస్ వేళ కంధమాల్‌లో తొలి విడత దాడులు జరిగాయి. 2008 ఆగస్టు 23 రాత్రి విశ్వహిందూ పరిషత్ నాయకుడు స్వామి లక్ష్మణానంద సరస్వతిని, మరి నలుగురిని జలేస్‌పేట ఆశ్రమంలో కాల్చి చంపారు. ఆ హత్యలు ఘోరమైనవి. వాటిని ఖండించడానికి మాకు ఏ తటపటాయింపూ లేదు. ఆ పని తమదేనని మావోయిస్టులు ప్రకటించారు. అయినా ప్రతీకారం క్రైస్తవుల మీద సాగింది. శవయాత్ర నడిచిన దారిలోనూ, ఆ తరువాత వారాల తరబడి పల్లెలలోనూ ఇళ్లు తగలబడ్డాయి. ప్రభుత్వ లెక్క ప్రకారం మరణించినవారు 39 మంది. క్రైస్తవ సంఘాలు దాదాపు 100 మంది అంటాయి. కాలిన ఇళ్లు వేలల్లో ఉన్నాయి. నిరాశ్రయులు 50,000కు పైబడ్డారు. ఎన్నో ఊళ్లలో తిరిగి అడుగు పెట్టాలంటే మతం విడిచిపెట్టాలన్న షరతు వచ్చింది. బలవంతపు మతమార్పిడిని ఆపుతామంటూ దేశంలో మొదటగా 1967లోనే మతస్వేచ్ఛ చట్టాన్ని చేసిన రాష్ట్రం ఒడిశా. 2008లో కత్తి చూపి మతం మార్పించినవారి విషయంలో ఆ చట్టం నిద్రపోయింది.

ఇది మత హింస కాదు, రెండు తెగల తగవు అని అప్పుడు ఒక వాదన లేచింది. కంధలు ఆదివాసులు, పాణోలు దళితులు. భూమి కోసం, రిజర్వేషన్ కోసం కొట్టుకున్నారని ఆ వాదన సారాంశం. ఇందులో సగం నిజముంది. సగం నిజం పూర్తి అబద్ధం కంటె ప్రమాదకరం, కనుక మిగతా సగం కూడా చెప్పాలి. పాణోలలో అధికులు క్రైస్తవులు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు మూడవ పేరా ప్రకారం క్రైస్తవం స్వీకరించిన దళితుడు షెడ్యూల్డ్ కులంవాడు కాకుండా పోతాడు. వెలివాడలో ఉన్నా, అదే కూలి చేసినా, అదే అవమానం పడినా కాగితం మీద అతడు దళితుడు కాడు. అలా హక్కు పోగొట్టుకున్నవారు కుయి భాష మాట్లాడతాము గనుక తమను షెడ్యూల్డ్ తెగలలో చేర్చమని అడిగారు. తమ వాటా తరిగిపోతుందని కంధలు భయపడ్డారు. ఇద్దరు పేదల నడుమ ఈ పోటీని పెట్టినది మతాన్ని కొలబద్దగా చేసుకున్న చట్టం. ఆ భయాన్ని పెంచి పెద్ద చేసి, ఊరేగింపులుగా నడిపించినది మత రాజకీయం. ఇక తెగల తగవన్న మాట నిజమైతే దాడులు క్రైస్తవ పాణోల దగ్గర ఆగాలి. క్రైస్తవులైన కంధల ఇళ్లు కూడా ఎందుకు కాలాయి? చర్చిలు ఎందుకు కూలాయి? ఈ ప్రశ్నకు ఆ వాదన చేసినవారు నేటికీ జవాబు చెప్పలేదు.

న్యాయస్థానాలు ఏమి చేశాయి? 2016 ఆగస్టు 2న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పులోని అంకెలనే చూద్దాము. నమోదైన కేసులు 827. వాటిలో 315 కేసులను అభియోగపత్రం లేకుండానే పోలీసులు మూసివేశారు. విచారణ ముగిసిన 362 కేసులలో శిక్ష పడినవి 78 మాత్రమే. మూసిన కేసులను తిరిగి పరిశీలించమని కోర్టు చెప్పవలసి వచ్చింది. మృతుల కుటుంబాలకు అదనంగా మూడేసి లక్షల పరిహారం ఇమ్మని ఆదేశించింది. విచారణ కమిషన్ల నివేదికలు 2015లో ప్రభుత్వానికి చేరినా ఏళ్ల తరబడి ప్రజల ముందుకు రాలేదు. సాక్షులు అదే ఊరిలో, తమ ఇల్లు కాల్చినవారి పొరుగున బ్రతుకుతూ కోర్టు మెట్లు ఎక్కాలి. ఎంతమంది ఎక్కగలరు? ఎక్కినవారిలో ఎంతమంది మాట నిలబెట్టుకోగలరు?

డాక్యుమెంటరీకి పని పడేది ఇక్కడనే. పోలీసు రికార్డులో గుర్తుతెలియని దుండగులు అని రాసిన చోట, ఇల్లు పోగొట్టుకున్నవారు ముఖం చూపించి, తమ భాషలో, తమ మాట చెప్పగలిగినది ‘వాయిసెస్ ఫ్రమ్ ది రూయిన్స్’ వంటి చిత్రాలలోనే. 2010 ఆగస్టులో ఢిల్లీలో జస్టిస్ ఎ.పి. షా అధ్యక్షతన జరిగిన జాతీయ ప్రజా ట్రిబ్యునల్ కూడా బాధితుల చేతనే మాట్లాడించింది. వీటికి శిక్ష వేసే అధికారం లేదు. కాని ఏమీ జరగలేదని చెప్పగలిగే ధైర్యాన్ని ఇవి అబద్ధీకుల నోట లేకుండా చేశాయి. అది చిన్న విషయం కాదని మన చరిత్రే చెబుతుంది. 1948 పోలీసు చర్య తరువాత హైదరాబాద్ సంస్థానంలో ముస్లింల మీద జరిగిన మారణకాండను పరిశీలించిన పండిట్ సుందర్‌లాల్ కమిటీ మృతుల సంఖ్యను 27,000 నుండి 40,000 వరకు అంచనా వేసింది. ఆ నివేదిక దశాబ్దాలపాటు వెలుగు చూడలేదు. ఏ కెమెరా ముందూ ఆ తల్లులు మాట్లాడలేదు. మాట్లాడవలసినవారు దాదాపు అందరూ మట్టిలో కలిశారు. నేడు ఆ రోజుల గురించి ఎవరికి తోచినట్టు వారు సినిమాలు తీస్తుంటే, ఎదురు నిలపడానికి మన చేతిలో ఉన్న గొంతులు ఎన్ని?

దెబ్బ తిన్నవాడే దోషి కావడమన్న ప్రశ్నకు వద్దాము. లక్ష్మణానంద హత్య కేసులో కంధమాల్‌కు చెందిన ఏడుగురు నిరుపేదలకు 2013లో జీవిత ఖైదు పడింది. మావోయిస్టులు తమ పని అని ప్రకటించిన తరువాత కూడా వారు చెరసాలలోనే ఉన్నారు. 2019లో సుప్రీంకోర్టు ఒకరి తరువాత ఒకరికి బెయిలు ఇచ్చేనాటికి దాదాపు పదకొండేళ్లు గడిచాయి. ఇది చదువుతున్న హైదరాబాద్ పాఠకులకు మక్కా మసీదు గుర్తుకు రాకుండా ఉండదు. 2007 మే 18న జుమా నమాజు వేళ బాంబు పేలింది మన మసీదులో, చనిపోయినది మనవారు, పోలీసులు పట్టుకుపోయి చిత్రహింసలు పెట్టినది మన యువకులను. వారు నిర్దోషులని తేలిన తరువాత జాతీయ మైనారిటీ కమిషన్ సిఫారసు మీద ప్రభుత్వం ఇచ్చిన పరిహారాన్ని 2013లో హైకోర్టు కొట్టివేసింది. పేలుడు జరిపింది మరెవరో అని పెట్టిన కేసులో కూడా 2018 ఏప్రిల్ 16న నిందితులందరూ విడుదలయ్యారు. అంటే ఆ మరణాలకు బాధ్యులు ఎవరూ లేరు. మదనీ 1998 కోయంబత్తూరు కేసులో తొమ్మిదేళ్లకు పైగా నిర్బంధంలో ఉండి 2007లో నిర్దోషిగా బయటికి వచ్చారు. 2010లో బెంగళూరు కేసులో మళ్లీ లోపలికి వెళ్లారు. కొండమీది పాణో కూలీకి, పాతబస్తీ యువకుడికి, కేరళ మౌల్వీకి భాష వేరు, మతం వేరు. వారి జీవితంలోని సంవత్సరాలను తిన్న యంత్రం మాత్రం ఒకటే. దానిని ఒకేచోట నిలిపి చూపించినందుకే శశి వంటివారికి మనం రుణపడి ఉన్నాము.

ఇక నేటి ప్రమాదం. మతం మారిన ఆదివాసులను షెడ్యూల్డ్ తెగల జాబితానుండి తొలగించాలని జనజాతి సురక్షా మంచ్ వంటి సంస్థలు దేశంలోని గిరిజన ప్రాంతాలలో ఉద్యమం నడుపుతున్నాయి. దీనికి డీలిస్టింగ్ అని పేరు పెట్టారు. రాజ్యాంగంలోని 342వ అధికరణం తెగను మతంతో ముడిపెట్టలేదు. కొండదేవతను కొలిచినా, చర్చికి వెళ్లినా, మసీదుకు వెళ్లినా ఆదివాసి ఆదివాసియే. ఆ తలుపును కూడా మూయాలన్నది వారి కోరిక. అది నెరవేరితే అరకు లోయలోని క్రైస్తవ ఆదివాసికి పోయేది బడిలో సీటు, కొలువు మాత్రమే కాదు. షెడ్యూల్డ్ ప్రాంతంలో అతని కాళ్ల కింది భూమికి ఉన్న రక్షణ కూడా కదిలిపోతుంది. 1/70 చట్టం గిరిజనేతరుడికి గిరిజన భూమి బదిలీ కాకుండా అడ్డుకుంటుంది. నిన్నటి గిరిజనుడిని నేడు గిరిజనేతరుడిగా రాస్తే ఆ భూమి ఎవరిది?

భూమి ప్రశ్న ఊరకే రాలేదు. అరకుకు పొరుగున ఉన్న అనంతగిరి మండలంలో గనుల లీజుల మీద సాగిన పోరాటమే 1997 నాటి సమతా తీర్పుకు దారి తీసింది. షెడ్యూల్డ్ ప్రాంతంలో ప్రభుత్వ భూమిని సైతం ప్రైవేటు గనుల కంపెనీలకు ఇవ్వరాదని సుప్రీంకోర్టు చెప్పినది ఆ తీర్పులోనే. రాయగడ జిల్లా కాశీపూర్‌లో బాక్సైటు గనికి ఎదురు నిలిచినందుకు 2000 డిసెంబరు 16న మైకాంచ్ వద్ద పోలీసు కాల్పులలో ముగ్గురు ఆదివాసులు మరణించారు. ఆ కాశీపూర్ ఉద్యమ స్ఫూర్తితోనే శశి ‘గావ్ ఛోడబ్ నాహీ’ అన్న పాటచిత్రాన్ని తీశారు. భూమి మీద చిత్రం తీసినవాడే మతహింస మీద కూడా చిత్రం తీయడం కాకతాళీయమని మేము అనుకోవడం లేదు. మతం పేరిట ఊరు రెండుగా చీలితే కొండను కాపాడుకునే చేతులు సగమవుతాయి.

ఏజెన్సీ సంతలలో వ్యాపారం చేసుకునే ముస్లిం కుటుంబాలకు 1/70 చట్టం ఇబ్బందే కదా అని ఎవరైనా అడగవచ్చు. అవును, అది మనకూ వర్తిస్తుంది, వర్తించాలి కూడా. బలహీనుడిని కాపాడే చట్టం మన వ్యాపారానికి అడ్డమని దానిని కాదనేవారికి మైనారిటీ హక్కుల పేరెత్తే అర్హత ఉండదు. అంతకు మించి, డీలిస్టింగ్ తర్కం మన ఇంటి గడపకు ఎంత దగ్గరగా ఉందో చూడండి. 1950 ఉత్తర్వు మూడవ పేరాను 1956లో సిక్కుల కోసం, 1990లో బౌద్ధుల కోసం సడలించారు. ముస్లిం, క్రైస్తవ దళితులకు మాత్రం నేటికీ తలుపు తెరవలేదు. పారిశుధ్యపు పని చేసే మెహతర్ ముస్లిం, అదే పని చేసే హిందూ దళితుడి పక్కన నిలబడి కూడా ఆ జాబితా బయటనే ఉన్నాడు. ఆ షరతు తొలగించాలని జస్టిస్ రంగనాథ్ మిశ్రా కమిషన్ 2007లోనే సిఫారసు చేసింది. దానిని పక్కన పెట్టి 2022లో జస్టిస్ కె.జి. బాలకృష్ణన్ అధ్యక్షతన మరో కమిషన్ వేశారు. మన తురక చాకలికి, ఫకీరుకు, అత్తరు సాయిబుకు విద్యలో, ఉద్యోగాలలో నాలుగు శాతం తలుపు తెరిచిన 2007 నాటి బీసీ–ఇ చట్టాన్ని 2010లో హైకోర్టు కొట్టివేయగా సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఆసరాగానే అది బ్రతికింది. వెనుకబాటును మతంతో కొలవాలనే సూత్రం కొండలలో గెలిస్తే మైదానంలో మన పిల్లల మీదకు దిగి రావడానికి ఎంతో కాలం పట్టదు. అరకు క్రైస్తవుడి తెగ గుర్తింపును కాపాడటం మన బీసీ–ఇ హక్కును కాపాడుకోవడంలో భాగం.

ఇటువంటి చిత్రాలు ఏకపక్షమని కొందరి ఆక్షేపణ. న్యాయస్థానంలో బాధితుడి వాంగ్మూలం కూడా ఏకపక్షమే. దానిని విని, పరీక్షించి, నిజమేదో తేల్చడం వినేవారి పని. వాంగ్మూలమే వినరాదనడం ఏ న్యాయమో వారే చెప్పాలి. శాంతిభద్రతలకు భంగమని మరో ఆక్షేపణ. ఆనంద్ పట్వర్ధన్ తీసిన ‘రామ్ కే నామ్’ యు సర్టిఫికెట్ పొందిన చిత్రం, జాతీయ పురస్కారం గెలిచిన చిత్రం. అయినా దూరదర్శన్‌లో అది ప్రసారం కావడానికి దర్శకుడు కోర్టులో పోరాడవలసి వచ్చింది. 2019 ఆగస్టు 20న హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో విద్యార్థులు దానిని చూస్తుంటే పోలీసులు వచ్చి కొందరిని అదుపులోకి తీసుకున్నారు. 2024 జనవరి 20న హైదరాబాద్ శివారులో అదే చిత్రం ప్రదర్శనను మధ్యలో ఆపి నిర్వాహకులను అరెస్టు చేశారు. ఇల్లు కాల్చినవాడి ఊరేగింపుకు అనుమతి దొరికే దేశంలో, కాలిన ఇంటి బొమ్మను చూడటానికి మాత్రం అనుమతి దొరకదు. శాంతికి భంగం కలిగించేది ఏదో ప్రజలకు తెలుసు.

సినిమా చూడటం మనకు తగదని మన పెద్దలలో కొందరు అంటారు. వినోదపు సినిమా గురించిన ఆ చర్చను వారికే వదిలిపెడుతున్నాము. ఇది వినోదం కాదు, సాక్ష్యం. షహాదత్ అన్న మాటకే సాక్ష్యమని అర్థం. సాక్ష్యాన్ని దాచరాదని, అది సొంతవారికి విరుద్ధంగా ఉన్నా పలకాలని ఖుర్ఆన్ మనకు నేర్పింది. ఆ ఆజ్ఞ పొరుగు మతంవాడి గాయం దగ్గర ఆగిపోదు.

చేయవలసిన పనులు స్పష్టంగా ఉన్నాయి. కంధమాల్ చిత్రాన్ని, ‘ఫ్యాబ్రికేటెడ్’ను హక్కుదారుల అనుమతితో తెలుగు అనువాద వాక్యాలతో మన షాదీఖానాలలో, కళాశాలలలో, సంఘాల కార్యాలయాలలో ప్రదర్శించాలి. క్రైస్తవ, ఆదివాసి, దళిత సంఘాలను పిలిచి పక్కన కూర్చోబెట్టుకుని చూడాలి. హైదరాబాద్‌లో 1984 అల్లర్ల మీద దీపా ధన్‌రాజ్ 1986లో తీసిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’ను బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ పునరుద్ధరించి భద్రపరిచింది. మన నగరపు గాయాన్ని జర్మనీవారు దాచిపెట్టగా, మన యువతలో ఎందరు దానిని చూశారు? దానిని తిరిగి పాతబస్తీకి తీసుకురావాలి. ప్రతి పట్టణంలో ఇద్దరు ముగ్గురు యువతీయువకులు చేతిలోని ఫోనుతోనే పెద్దల జ్ఞాపకాలను, కేసులలో నలిగినవారి మాటలను తేదీతో, ఊరిపేరుతో, వారి అంగీకారంతో నమోదు చేయడం మొదలుపెట్టాలి. చెప్పేవారికి ముప్పు ఉంటే ముఖం దాచాలి, మాటను మాత్రం దాచరాదు.

రాజకీయపక్షాలను అడగవలసినవి కూడా ఉన్నాయి. అరకు పార్లమెంటు స్థానంలో ఓటు అడిగే ప్రతి పక్షం డీలిస్టింగ్ మీద తన వైఖరి ఏమిటో లిఖితంగా చెప్పాలి. 1950 ఉత్తర్వు మూడవ పేరాను తొలగించాలని మన శాసనసభ్యులు, పార్లమెంటు సభ్యులు సభలో పలకాలి. కంధమాల్ కమిషన్ల నివేదికలను ప్రజల ముందు పెట్టాలని ఒడిశా ప్రభుత్వానికి తెలుగు నేలనుండి కూడా విజ్ఞాపనలు వెళ్లాలి. మన సంఘాలు వచ్చే ఆగస్టు 23లోగా ఈ మూడు కోరికలతో సంతకాల సేకరణ ముగించాలని కోరుతున్నాము. సంతకాల పత్రాన్ని అరకు, పాడేరు ఆదివాసి సంఘాల పెద్దలతో కలిసి, వారి వెనుక నడిచి, పాడేరులో జిల్లా కలెక్టరుకు అందజేద్దాము. వారి కొండ మీద ముందు మాట వారిదే కావాలి. మనం వారికి సాక్షులుగా నిలబడితే చాలు.